కెమెరా వెనక ఊపిరి

కిర్‌స్టెన్ జాన్సన్ పేరు మన దగ్గర చాలామందికి తెలియదు. ఎడ్వర్డ్ స్నోడెన్ మీద లారా పోయిట్రస్ తీసిన 'సిటిజన్‌ఫోర్' (2014) చూసినవాళ్లు మాత్రం ఆమె పనితనం చూసినట్టే, దాని ఛాయాగ్రాహకుల్లో ఆమె ఒకరు. పాతికేళ్లకు పైగా ఇతరుల డాక్యుమెంటరీలకు కెమెరా పట్టి, ఆ ఫుటేజ్‌లోంచి ఏరుకున్న ముక్కలతో 2016లో 'కెమెరాపర్సన్' చేసింది. ఈ పని నేర్చుకుంటామని వచ్చే పిల్లలకు లెన్సుల సంగతి ఎత్తకముందే నేను ఆ సినిమా చూపిస్తాను.

మామూలుగా ఎడిటింగ్‌లో ముందు ఎగిరిపోయేది మేమే. మా దగ్గు, మా 'అయ్యో', ఫ్రేమ్ కుదిరేలోపు పడే తడబాటు. జాన్సన్ సరిగ్గా వాటినే ఉంచింది. లెన్సుకు అడ్డొచ్చిన గడ్డిపరకల్ని ఆమె చెయ్యే వచ్చి పీకేస్తుంది. మిస్సోరీలో మెరుపుల ఆకాశాన్ని తీస్తూ తుమ్ముతుంది, ఫ్రేమంతా అదురుతుంది.

బోస్నియాలో ఓ ఇంటి దగ్గర పసివాడొకడు గొడ్డలితో ఆడుకుంటుంటాడు. వెనక నుంచి ఆమె ఉలికిపాటు మనకు వినిపిస్తుంది. షాట్ మాత్రం ఆగదు. పరుగెత్తి లాక్కోవాలా, తీస్తూనే ఉండాలా? పిల్లాడికేమీ కాలేదు కాబట్టి సరిపోయిందని నేననను. కెమెరా పట్టినవాళ్లకు ఈ ఘడియ తప్పదు, అప్పుడు వాళ్ల గుండె ఎలా కొట్టుకుంటుందో చూసేవాళ్లకూ తెలియాలి.

అలబామాలో గర్భస్రావం కోసం క్లినిక్‌కు వచ్చిన అమ్మాయిని గుర్తుపట్టేలా చూపించకూడదు. అందుకని కెమెరా ఒళ్లో ఉన్న ఆమె చేతుల మీదే నిలుస్తుంది. ఆ అమ్మాయి తనను తాను నిందించుకుంటుంటే జాన్సన్ ఊరుకోలేక ఓదార్పు మాట అంటుంది. ఇంటర్వ్యూ నడుస్తుంటే కెమెరామన్ నోరెత్తకూడదన్నది మాకు నూరిపోసిన నియమం. అక్కడ దాన్ని పాటించి ఉంటే అది క్రౌర్యమే అయ్యేది.

అదే సినిమాలో అల్జీమర్స్‌తో ఉన్న సొంత తల్లీ కనిపిస్తుంది. ప్రపంచమంతా తిరిగి ఎవరెవరినో తీసిన మనిషి దగ్గర, జబ్బుకు ముందరి అమ్మ ఫుటేజ్ దాదాపు లేదు. మా వృత్తిలో ఎందరిదో ఇదే కథ. తండ్రికీ మతిమరుపు మొదలయ్యాక ఆమె ఆలస్యం చేయలేదు. ఆయన్ను ఒప్పించి, స్టంట్ మనుషుల్ని పెట్టి, ఆయన చనిపోయే తీరుల్ని రకరకాలుగా తీసింది. ఉత్తుత్తి అంత్యక్రియలూ జరిపించింది. అదే 2020లో నెట్‌ఫ్లిక్స్‌లో వచ్చిన 'డిక్ జాన్సన్ ఈజ్ డెడ్'. అందులో ఆ పెద్దాయన హాయిగా నవ్వుతూ, ఇష్టమైన చాక్లెట్ కేకు తింటూ ఉంటాడు.