కనకాంబరం రంగు

చీర రంగు చెప్పవలసి వచ్చినప్పుడు మన రచయితలు పువ్వును వెతుక్కుంటారు. గులాబీరంగు, కనకాంబరం రంగు - ఒక్క మాటతో పని తీరిపోతుంది. పాఠకుని కళ్ళకు రంగు కట్టింది కదా, ఇక విమర్శ దేనికని కొందరడగవచ్చు. ఆ మాట చూపిన రంగేమిటి, కప్పిన బ్రతుకేమిటి అని విచారించడమే విమర్శ పని.

ముందు మాటనే చూద్దాం. కనకం బంగారం, అంబరం వస్త్రం. వాసన లేని ఆ పువ్వు పేరులోనే బట్ట ఉంది. బట్ట వన్నెకు మళ్ళీ ఆ పువ్వు పేరే పెట్టాం. పూలదండా మూరల్లోనే అమ్ముడుపోతుంది. బట్టనూ ఒకనాడు మూరల్లోనే కొలిచారు. ఇంత దగ్గర చుట్టరికంలో కనిపించనివాడు నేతగాడొక్కడే.

అనంతపురం మెరక సీమలో ఏడాది సగటు వాన 550 మిల్లీమీటర్ల దరిదాపు. వేరుశనగ ఎండిన ఏట కనకాంబరం తోట నీటి ఆదరువున్న వాని పొలంలోనే పూస్తుంది. కాని 2022 నుంచి శ్రీ సత్యసాయి జిల్లాలో చేరిన ధర్మవరంలో ఆ రంగు మనిషి చేతుల మీద పూస్తుంది. పట్టునూలును సబ్బు, సోడా నీళ్ళలో ఉడికించి జిగురు పోగొట్టాలి. ఆవిరి లేచే రంగునీళ్ళలో చిలపలు తిప్పుతూ ఛాయ నిలపాలి. పసుపు పడుగులో ఎర్రపేక నడిపితే, చీర కదిలినప్పుడల్లా వన్నె మారుతుంది. ఇది ప్రకృతి వరం కాదు, నేర్పు.

వర్తకం ఈ నేర్పును కప్పిపెట్టడం కొత్త కాదు. 1856లో లండన్‌లో పెర్కిన్ తారు సరుకు నుంచి తీసిన కృత్రిమ రంగు 'మావ్' అన్న పేరుతో చెలామణి అయింది. ఫ్రెంచిలో అదొక పూలమొక్క పేరు. కొద్దికాలానికే వచ్చిన మరో రంగుకు 1859లో యుద్ధం జరిగిన మెజెంటా పేరు పెట్టారు. అంగడికి పువ్వయినా, పోరయినా ఒకటే; తారు వాసన తగలకుంటే చాలు.

మన పక్షపు కవులు కొందరు పువ్వును తీసివేసి నెత్తురు పెట్టారు. చీర ఎరుపంతా నేతగాని రక్తమే అన్నారు. ఆ కోపం న్యాయమైనదే. ధర్మవరంలో అప్పుల పాలై నేతగాళ్ళు ప్రాణాలు తీసుకున్నారు. 1985 నాటి చట్టం కింద చేనేతకు కేటాయించిన చీరలనే మరమగ్గాలు నేసి పోటీకి దించాయి. అయినా రక్తమన్న మాటలో బాధపడేవాడు కనబడతాడు గాని, పనివాడు కనబడడు. పువ్వు కవి వానిని మరచాడు. నెత్తుటి కవి వానిని జాలిబొమ్మను చేశాడు. రెంటిలోనూ వాని నేర్పుకు చోటు లేదు.

లేపాక్షి గుడి కప్పు మీద 16వ శతాబ్దపు చిత్రకారుడు చీరల అంచులనూ, అద్దకపు పూలనూ విడివిడిగా చూచి గీశాడు. రాజుల కాలపు చిత్రకారునికి ఉన్న ఆ చూపు ప్రజల కవికి ఎందుకుండరాదు? కనకాంబరం అన్న మాటను మానమని కాదు. ఎన్ని ముంపులకు ఆ ఛాయ నిలుస్తుందో అద్దకపువానిని అడిగి వ్రాయాలి. అప్పుడే ఆ మాటకు లేని వాసన వస్తుంది - మనిషి వాసన.