దింపుడు కళ్లం దగ్గర కెమెరా

శ్మశానానికి వెళ్లే దారిలో పాడెను ఒకచోట కిందికి దించుతారు. కొడుకో తమ్ముడో వంగి, చెవి దగ్గర నోరు పెట్టి మూడుసార్లు పిలుస్తాడు, లేస్తారేమోనని. లేవరని అందరికీ తెలుసు. అయినా పిలుస్తారు. దింపుడు కళ్లం ఆశ అన్న మాట మనకు అక్కణ్నుంచే వచ్చింది. ఆ పిలుపు పోయినవాళ్లకీ, పక్కన నిలబడ్డ నలుగురికీ మాత్రమే. సినిమా కుటుంబాల విషయంలో దాన్ని కూడా లైవ్‌లో చూపించాలన్న ఆత్రం పెరిగిపోయింది.

2022లో నటుడు కృష్ణగారి కుటుంబం జనవరి 8న పెద్దకొడుకు రమేశ్‌బాబునూ, సెప్టెంబరు 28న ఆయన భార్య ఇందిరాదేవిగారినీ, నవంబరు 15న కృష్ణగారినీ పోగొట్టుకుంది. పదకొండు నెలలు నిండకుండానే మూడు చావులు. కృష్ణగారి పార్థివదేహాన్ని మర్నాడు పద్మాలయ స్టూడియోలో ఉంచారు, అభిమానులు చూసుకున్నారు. ఆ తర్వాత జూబ్లీహిల్స్ మహాప్రస్థానం శ్మశానవాటికలో ప్రభుత్వ లాంఛనాలతో అంత్యక్రియలు జరిగాయి. అంతకుముందు ఏడాది పాటల రచయిత సిరివెన్నెలగారిని ఫిలిం చాంబర్‌లో ఉంచి, మహాప్రస్థానానికే తీసుకెళ్లారు. అంటే గీత ఎక్కడ గీయాలో మన పద్ధతిలోనే ఉంది. స్టూడియోలో, చాంబర్‌లో ఉన్నంతసేపూ పోయినాయన జనం మనిషి. మహాప్రస్థానం గేటు దాటాక ఇంటి మనిషి. కెమెరా ఆ గేటు దగ్గర ఆగిపోవాలి.

టికెట్లు కొని నిలబెట్టింది మేమే, ఆఖరి చూపు మాకూ హక్కే అని అభిమానులు అంటారు. నిజమే, చాంబర్ ఉన్నది అందుకే. ఊళ్లో కూడా చావింటి వాకిట్లోకి ఎవరైనా వచ్చి దణ్ణం పెట్టి వెళ్తారు, కొరివి దగ్గర మాత్రం అయినవాళ్లే మిగులుతారు. రాలేనివాళ్ల సంగతేమిటన్న ప్రశ్న ఇంకా బరువైనది. కోవిడ్ వచ్చి మహేశ్‌బాబు సొంత అన్న రమేశ్‌బాబు అంత్యక్రియలకే వెళ్లలేకపోయారు. అలాంటివారికి ఇంట్లోవాళ్లే ఫోన్‌లో చూపిస్తారు. అందుకు యూట్యూబ్ చానల్ అక్కర్లేదు. కుటుంబమే ఒప్పుకుందిగా అనే మాట మాత్రం నాకు మింగుడుపడదు. ఆ గంటలో వద్దని చెప్పే ఓపిక ఎవరికుంటుంది? వ్యక్తిగత దుఃఖంలో ఉన్నవారి ఫొటోలకోసం చొరబడవద్దని ప్రెస్ కౌన్సిల్ నియమావళి పత్రికలకు చెబుతోంది. యూట్యూబ్ చానళ్లు దాని పరిధిలోకి రావు. కాబట్టి గేటు దగ్గర ఆపే బాధ్యత ఆ కుటుంబం మీద వేయకుండా పరిశ్రమ పెద్దలే ముందుగా తీసుకోవాలి.

కొరివి పెట్టేవాడు నీళ్లకుండ భుజాన పెట్టుకుని చితి చుట్టూ తిరుగుతాడు. చుట్టుకొక చిల్లు. కారే నీళ్లకు వీపంతా తడిసిపోతుంది. మూడో చుట్టు అయ్యాక కుండను వెనక్కి వదిలేసి, తిరిగి చూడకుండా నడిచిపోవాలి. అయినవాళ్లంతా వెనకే ఉంటారు కాబట్టి అప్పుడు అతని ముఖం ఎలా ఉందో వాళ్లకు కూడా కనిపించదు. కెమెరా మాత్రం ఎదురుగా నిలబడి ఉంటుంది.