దారి ఎవరిది?

మన వైపు నుంచి అమెరికా వచ్చే విమానాల తలుపు దగ్గర వీల్‌చైర్లు బారులు తీరి ఉంటాయి. వాటిలో కూర్చునే అమ్మలూ నాన్నలూ చాలామంది ఊళ్ళో పొద్దున్నే లేచి రెండు మూడు మైళ్ళు నడిచి వచ్చేవాళ్ళే. టికెట్ కొనేటప్పుడే కొడుకో కూతురో "వీల్‌చైర్ పెట్టించాను, ఎవరైనా అడిగితే మోకాళ్ళ నొప్పులని చెప్పు" అని పాఠం చెప్పి ఉంటారు. అసలు కారణం మోకాళ్ళు కాదు. ఇంగ్లీషు రాకపోవడం, దుబాయిలోనో దోహాలోనో ఒక గేటు నుంచి ఇంకో గేటుకి మారవలసి రావడం, ఇమిగ్రేషన్ ఆఫీసరు ఏమడుగుతాడో అన్న బెంగ. దీని మీద మనం చాలా జోకులు వేసుకున్నాం. నిజంగా నడవలేనివాళ్ళు ఆ వరసలో ఇంకాసేపు ఎదురుచూడాల్సి వస్తుందన్న సంగతి మాత్రం ఆ జోకుల్లో ఉండదు.

నవ్వడం అయ్యాక ఒక్క ప్రశ్న వేసుకోవచ్చు. నడవగలిగిన మనిషి చక్రాల కుర్చీ ఎక్కాల్సి వచ్చిందంటే లోపం ఎక్కడుంది? ఆమె కాళ్ళలో లేదు, బుర్రలో అసలే లేదు. ఆమె భాష రాయని బోర్డుల్లో ఉంది, మైళ్ళ పొడుగు నడవాల్లో ఉంది. ఆ విమానాశ్రయం ఎవరిని మనసులో పెట్టుకుని కట్టారో ఆ మనిషి ఆమె కాదు. ఆ కాసేపూ మా అమ్మ, మీ అమ్మ, విమానాశ్రయం తయారుచేసిన వికలాంగులు. వైకల్యం గురించి గత యాభై ఏళ్ళుగా ఆలోచిస్తూ వచ్చినవాళ్ళు చెప్పేది దాదాపు ఇదే: ఒంట్లో ఉన్న లోపం ఒకటి, దాన్ని అడ్డంకిగా మార్చే కట్టడం మరొకటి. మన సాహిత్యం, మన సినిమా మొదటిదాన్ని తనివితీరా చూశాయి. రెండోదాని వంక చూసింది తక్కువ. నా ఫిర్యాదు అదే.

అలాగని మనకి ఆ చూపు బొత్తిగా లేదనడానికి వీల్లేదు. అష్టావక్రుడి కథ ఉంది. తండ్రి వేదం చదువుతుంటే గర్భంలోంచి తప్పు పట్టినందుకు ఎనిమిది వంకరలతో పుట్టమని శాపం తిన్నవాడు. ప్రవచనాల్లో మనకి ఎక్కువగా వినబడేది జనకుడి సభలో అతను గెలిచిన కథ. నాకు ఆసక్తిగా ఉండేది అంతకు ముందు దారిలో జరిగింది. సంస్కృత భారతం వనపర్వంలో ఆ కుర్రవాడు సభకి వెళుతుంటే రాజు ఎదురొస్తాడు. దారి తప్పుకోమంటారు. అప్పుడతను దారి ఎవరెవరిదో వరసగా చెబుతాడు. ముందు గుడ్డివాడిది, ఆపైన చెవిటివాడిది, స్త్రీది, బరువు మోసేవాడిది, ఆ తరవాతే రాజుది. బ్రాహ్మణుడు ఎదురుపడితే మాత్రం దారి అతనిదేనని ముక్తాయింపు. ఆ చివరి మాటలో ఏముందో మనకి తెలుసు, దాన్ని కప్పిపుచ్చనక్కర్లేదు. కానీ అంత పాత పుస్తకంలో, దారి మీద మొదటి హక్కు చూపు లేనివాడికీ వినికిడి లేనివాడికీ ఉందని, అదీ వంకర కాళ్ళ కుర్రవాడి నోట రావడం చిన్న విషయం కాదు. రాజు దారి ఇస్తాడు కూడా.

అదే కథ చివర ఏం జరుగుతుంది? తండ్రి మాట మీద అష్టావక్రుడు సమంగా నదిలో మునుగుతాడు, వంకరలన్నీ పోయి తిన్నగా లేస్తాడు. కథకుడు అతన్ని అతని ఒంటితో ఉండనివ్వలేకపోయాడు. వైకల్యం ఉన్న పాత్ర కథ ముగిసేలోగా బాగైపోవాలి, లేదా చచ్చిపోవాలి, లేదా అందరికీ ఆదర్శమైపోవాలి. ఉన్నవాడు ఉన్నట్టు ఇంటికి వెళ్ళి అన్నం తినే ముగింపు మనకి చాలా అరుదు.

అమెరికాలో రోడ్డు మూలమూలనా ఫుట్‌పాత్ కిందికి వాలి రోడ్డుతో కలిసిపోయే చోటుని చూసి "వీళ్ళకి మానవత్వం ఎక్కువండీ" అంటాం. నేనూ అన్నాను. చరిత్ర చదివితే ఆ మాట నిలబడదు. 1867లో శాన్ ఫ్రాన్సిస్కో నగరం, చూడడానికి వికారంగా ఉన్నవాళ్ళు, అంగవైకల్యం ఉన్నవాళ్ళు వీధుల్లో కనబడకూడదని చట్టం చేసింది. 1881లో షికాగో అలాంటిదే చేసింది, 1974 దాకా పుస్తకంలోంచి తీసెయ్యలేదు. అష్టావక్రుడు అడిగిన ప్రశ్నకి ఈ దేశం ఒకప్పుడు ఇచ్చిన జవాబు అది: దారి నీది కాదు, ఇంట్లో కూర్చో.

ఆ జవాబు మారింది జాలి వల్ల కాదు. పద్నాలుగో ఏట పోలియో వచ్చి మెడ కింద కదలిక పోయిన ఎడ్ రాబర్ట్స్ 1962లో బర్క్‌లీలో చదువుకోవడానికి వస్తే, అతని శ్వాసయంత్రం పట్టే హాస్టల్ గది లేదు. యూనివర్సిటీ ఆసుపత్రిలోనే కాపురం పెట్టి చదువుకున్నాడు. 1973లో వచ్చిన చట్టంలో, ప్రభుత్వ నిధులతో నడిచే ఏ సంస్థా వికలాంగుల పట్ల వివక్ష చూపకూడదనే సెక్షన్ 504 చేరింది. దాని నిబంధనల మీద సంతకం పెట్టకుండా నాలుగేళ్ళు నాన్చారు. 1977 ఏప్రిల్‌లో వికలాంగులు శాన్ ఫ్రాన్సిస్కోలోని ప్రభుత్వ భవనంలోకి వెళ్ళి బైఠాయించారు. ఫోన్లు కట్ చేస్తే, చెవిటివాళ్ళు కిటికీల్లోంచి సైగల భాషలో బయటివాళ్ళతో మాట్లాడారు. బ్లాక్ పాంథర్లు అన్నం తెచ్చిపెట్టారు. మూడు వారాలు దాటాక సంతకం పడింది.

ఇంకో దృశ్యం 1990 మార్చి 12న. వికలాంగుల హక్కుల బిల్లు పార్లమెంటులో ఆగిపోతే, వాషింగ్టన్‌లో కాపిటల్ భవనం ముందు కొన్ని పదుల మంది చక్రాల కుర్చీలు, చేతికర్రలు కింద వదిలేసి మెట్ల మీద పాకుతూ ఎక్కారు. వాళ్ళలో ఎనిమిదేళ్ళ పాప కూడా ఉంది. తిరుమల మెట్లదారిలో మోకాళ్ళ పర్వతం మనకి తెలుసు. అక్కడ మోకాళ్ళతో ఎక్కడం మొక్కు. ఇక్కడ అది అభియోగం: ఈ మెట్లు కట్టింది మీరు, చూడండి అని. ఆ జులై 26న బిల్లు చట్టమైంది.

చట్టం వచ్చాక కూడా ఆలోచన ఆగలేదు, ఆగకూడదు. ఫుట్‌పాత్ అంచుని వాలుగా చేస్తే చక్రాల కుర్చీకి దారి దొరికింది, పిల్లల బండికి, సూట్‌కేసుకి, సరుకుల బండికి కూడా దొరికింది. కానీ ఆ అంచుని కర్రతో తడిమి "ఇక్కడ రోడ్డు మొదలు" అని తెలుసుకునే అంధుడికి ఆ గుర్తు పోయింది. అందుకే వాలు మీద బొడిపెల పలక వేస్తారు. కాళ్ళకీ కర్రకీ తగిలే అలాంటి పలకల్ని 1965లో కనిపెట్టింది సెయిచీ మియాకే అనే జపాన్ ఆయన. 1967లో మొదటిసారి ఒకయామాలో పరిచారు. ఒకరికి దారి ఇంకొకరికి గొయ్యి కాకుండా చూడడమే ఇందులో అసలు తెలివి. ఇలాంటి తెలివిని మన కథల్లో ఎప్పుడైనా చూశామా?

చాసో "ఎంపు"లో ఒక తెలివి ఉంది. ముష్టివాళ్ళ కుటుంబంలో తండ్రి, కూతురికి గుడ్డివాణ్ణి చేసుకోమని నచ్చజెబుతాడు. జాలితో కాదు, సంపాదన చూసి. గుడ్డితనం అక్కడ దైవశాపమూ కాదు, ప్రతీకా కాదు, బతుకుతెరువు లెక్క. కళ్ళు లేనివాడికి లోకం ముష్టి తప్ప ఇంకే పనీ ఉంచలేదన్న మాట రచయిత పైకి అనడు. అనకుండానే మనకి తగులుతుంది. మన సాహిత్యంలో వైకల్యం గురించిన నిజాయితీ గల చూపు అది.

సినిమా ఇంకో దారి పట్టింది. 1986లో విశ్వనాథ్ గారివి రెండు వచ్చాయి. "సిరివెన్నెల"లో చూపు లేనివాడు వేణువు వాయిస్తాడు, మాట లేని అమ్మాయి బొమ్మలు వేస్తుంది. "స్వాతిముత్యం"లో బుద్ధి ఎదగనివాడు మనందరికంటే మంచివాడు. రెండూ నాకు ఇష్టమైన సినిమాలే. కానీ వాటి వెనక ఒక షరతు ఉంది. లోపం ఉన్నవాడు కళాకారుడో, పసివాడి మనసున్న దేవుడో అయితే మనం ప్రేమిస్తాం. కళ రాని గుడ్డివాడు, కోపమొచ్చే అమాయకుడు వస్తే ఏ కుర్చీ వేస్తాం?

అదే దశకంలో "మయూరి" వచ్చింది. ప్రమాదంలో కాలు పోగొట్టుకుని, కృత్రిమమైన కాలితో మళ్ళీ నాట్యం చేసిన సుధా చంద్రన్ తన కథలో తనే నటించింది. ఆ సినిమా గురించి మాట్లాడినప్పుడల్లా ఆమె పట్టుదల గురించే మాట్లాడతాం. ఆ కాలు గురించి కాదు. పాశ్చాత్య దేశాల్లో అప్పుడు వాడుకలో ఉన్న కృత్రిమ పాదం బూటు తొడుక్కుని, కుర్చీలో కూర్చునేవాళ్ళ కోసం చేసింది. రామచంద్ర శర్మ అనే శిల్పి, డాక్టర్ పి.కె. సేఠీ కలిసి 1960ల చివర జైపూర్‌లో తయారుచేసిన రబ్బరు పాదం అలా కాదు. దానితో గొంతుక్కూర్చోవచ్చు, బాసింపట్టు వేసుకోవచ్చు, చెప్పుల్లేకుండా పొలంగట్టు మీద నడవచ్చు. మన కూర్చునే తీరు, మన మట్టి, మన గుడి తెలిసినవాళ్ళు చేసిన కాలు అది. పట్టుదల అందరికీ ఉంటుంది. పాదం లేకపోతే ఆ పట్టుదల మంచం మీదే ఉండిపోతుంది.

తరవాతి కాలంలో కొంత మార్పు వచ్చింది. ఫ్రెంచి సినిమా ఆధారంగా తీసిన "ఊపిరి" (2016)లో మెడ కింద కదలిక లేని మనిషికి హాస్యం, కోరిక, విసుగు ఉన్నాయి. అయితే అతను కోటీశ్వరుడు. మోసేవాళ్ళు, కార్లు, భవనాలు ఉన్నవాడికి రోడ్డు ఎలా ఉంటేనేం? "రంగస్థలం" (2018)లో వినికిడి సరిగా లేకపోవడం నాయకుడికి అలంకారం కాదు, కథకి ఇరుసు. అది పైకి తెలియనివ్వకూడదని అతను పడే తంటా మన ఊళ్ళలో రోజూ చూసేదే. ఈ పాత్రలు వేసినవాళ్ళందరూ చూపు, మాట, వినికిడి, నడక ఉన్న నటులే. సుధా చంద్రన్ లాంటి ఉదాహరణ మళ్ళీ వెతుక్కోవాలి.

పేర్లు మాత్రం మనం ధారాళంగా మారుస్తాం. అవిటివాడు వికలాంగుడయ్యాడు. 2015 చివర ప్రధాని సూచనతో దివ్యాంగుడయ్యాడు. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వ శాఖ పేరులో విభిన్న ప్రతిభావంతుడయ్యాడు. చివరి పేరు అన్నిటికంటే పొడుగు. కుంటిసాకు, గుడ్డినమ్మకం, చెవిటివాడి ముందు శంఖం మాత్రం ఎక్కడివక్కడే ఉన్నాయి. నేను సామెతల్ని నిషేధించమనడం లేదు. 2024 జులైలో భారత సుప్రీంకోర్టు సినిమాల గురించి ఇచ్చిన తీర్పులో, వికలాంగుల్ని తక్కువచేసే హాస్యం వేరు, వైకల్యాన్ని అర్థం చేయించే హాస్యం వేరు అని విడదీసింది. విమర్శకుడికి పనికొచ్చే గీత అది. అదే ఏడాది నవంబరులో, అందుబాటు ప్రమాణాలు ప్రభుత్వం పాటిస్తే పాటించే సలహాలుగా ఉండకూడదు, తప్పనిసరి నిబంధనలు కావాలని ఇంకో తీర్పు చెప్పింది. ఆ కేసులో కోర్టు ఆధారపడిన నివేదిక హైదరాబాద్ నల్సార్ న్యాయ విశ్వవిద్యాలయంలోని వైకల్య అధ్యయన కేంద్రం తయారుచేసింది. 2016 చట్టం 7 రకాల వైకల్యాల్ని 21కి పెంచింది. మెట్లని మాత్రం తగ్గించలేకపోయిందని కోర్టుకి వెళ్ళాల్సి వచ్చింది.

ఇక మన సంగతి. దేశం వదిలొచ్చిన మనం రాసే కథల్లో ఊరి ఇల్లు ఉంటుంది. అరుగు ఉంటుంది, పసుపు రాసిన గడప ఉంటుంది, నూతి పళ్ళెం ఉంటుంది. నేనూ రాశాను ఆ అరుగు మీద. మూడేళ్ళ క్రితం అమ్మకి పక్షవాతం వచ్చి కుర్చీకి పరిమితమయ్యాక ఆ అరుగుని కొలిచి చూశాం. ముప్ఫై అంగుళాల ఎత్తు. అమెరికా నిబంధన ప్రకారం అంగుళం ఎత్తుకి అడుగు పొడుగు వాలు ఉండాలి. అంటే ముప్ఫై అడుగులు. మా ఇంటి ముందు జాగా ఇరవై అడుగులే. నేను బంగారంలా రాసుకున్న అరుగు మా అమ్మకి గోడ.

మేస్త్రి ఫోన్‌లో నాతో అన్నాడు: "ఇంత పొడుగెందుకండీ బాబూ, వీధిలో కుర్రాళ్ళు లేరేంటి? ఇద్దరు పట్టుకుంటే అమ్మగారు దిగిపోతారు గదండీ." మంచి మనసుతోనే అన్నాడు. అన్నయ్య కూడా తలూపాడు. పక్కనుంచి అమ్మ గొంతు వినిపించింది, మాట కాస్త ముద్దగా ఉన్నా తెలుస్తోంది. "ఎత్తేవాళ్ళకి కొదవ లేదురా. వాళ్ళు ఖాళీగా ఉన్నప్పుడే నేను గుడికెళ్ళాలి, అంతేగా?"

ఆ ఒక్క మాటలో బర్క్‌లీ ఉంది, కాపిటల్ మెట్లు ఉన్నాయి, అష్టావక్రుడు రాజుతో పడిన పేచీ ఉంది. వాలు ఇంటి పక్కగా మలుపు తిప్పి, మధ్యలో కుర్చీ తిరగడానికి చదును చేసి కట్టించాం. తులసికోట నాలుగడుగులు జరపాల్సి వచ్చింది. గ్యాసు బండ తెచ్చే కుర్రాడు ఇప్పుడు మెట్లెక్కడం మానేశాడు. ఇంటి వాలు దిగాక వీధి మొదలవుతుంది. అక్కడ ఫుట్‌పాత్ లేదు, మురుగుకాలవ మీద పలకలు ఊగుతుంటాయి, గుడి ముందు పదకొండు మెట్లు. అమ్మ ఇప్పటికి వీధి మలుపు దాకా వెళ్ళి వస్తోంది.

ఈసారి ఊరి మీద కథ రాసేవాళ్ళని నేను అడిగేది ఒక్కటే. అరుగు గురించి రాయండి, తప్పకుండా. ఎంత ఎత్తో కూడా రాయండి.