నడకే కొలమానమా? మల్టిపుల్ స్క్లెరోసిస్ వైకల్య మాపనం: ఒక విమర్శ

మల్టిపుల్ స్క్లెరోసిస్‌లో నాడీతంతువులను కప్పి ఉండే మైలిన్ పొర దెబ్బతింటుంది. దీనివల్ల కలిగే వైకల్యాన్ని కొలవడానికి జాన్ కర్ట్‌జ్కే 1983లో ప్రకటించిన ఈ.డి.ఎస్.ఎస్. మాపని నేటికీ ప్రామాణికంగా చలామణిలో ఉంది. అందులో 0 అంటే లోపం లేని స్థితి. 10 అంటే ఈ వ్యాధి వల్ల మరణం.

ఈ మాపని పరిమితి 4వ అంకె నుండి స్పష్టమవుతుంది. అక్కడి నుండి నిర్ణయమంతా ప్రధానంగా నడకదే. ఆగకుండా, ఆసరా లేకుండా 500 మీటర్లు నడవగలిగితే 4, 200 మీటర్లయితే 5. 100 మీటర్లకే చేతికర్ర కావలసివస్తే 6. అంకెల మధ్య దూరాలు కూడా సమానం కావు.

మదనపల్లె నీరుగట్టువారిపల్లెలో పట్టుచీరలు నేసే వ్యక్తికి కాళ్ల కన్నా ముందు వేళ్లు పట్టు తప్పాయనుకుంటే, మగ్గం ఆగిపోతుంది. మాపనిలో మాత్రం ఆ వ్యక్తి తక్కువ అంకెల దగ్గరే ఉండిపోవచ్చు. పుంగనూరు, కుప్పం పల్లెల్లో పాలు పితికి బతికేవారికీ ఇదే వర్తిస్తుంది. అలసట, మతిమరుపు వంటివాటికి ఈ మాపనిలో దక్కే స్థానం స్వల్పం.

దివ్యాంగుల హక్కుల చట్టం–2016 ఈ వ్యాధిని వైకల్యాల జాబితాలో చేర్చింది. అయితే రిజర్వేషన్ వంటి ప్రయోజనాలకు కనీసం 40 శాతం వైకల్యం నిర్ధారణ కావాలి. కనుక కొలతలోని లోపం జీవనాధారానికి లోపమవుతుంది. తొమ్మిది రంధ్రాల్లో పుల్లలు అమర్చి తీయడానికి పట్టే సమయాన్ని లెక్కించే చేతి పరీక్షకు నడక పరీక్షతో సమాన స్థానం కల్పించడం అవసరం.