బాలచంద్రుడు ఎటు వెళ్లాలి?

పల్నాడులో మాచవరం మొదలు మాచర్ల దాకా, పల్నాటి యుద్ధ వీరుడు బాలచంద్రుడి కథ ఎలా ముగుస్తుందో తెలియని పెద్దవాళ్లు అరుదు. అయినా ఏటా కార్తీకంలో కారెంపూడిలో రాచగావు, రాయబారం, మందపోరు, కోడిపోరు, కల్లిపాడు అంటూ అయిదు రోజులు వీరుల ఉత్సవం జరిగితే జనం విరగబడి వస్తారు. ముగింపు తెలిసినా పట్టు సడలని కథ ఇది. అడుగడుగునా ఎవరో ఒకరు తేల్చుకోవలసిందే. గురజాల మంత్రి నాగమ్మతో కోడిపందానికి మాచర్ల పక్షపు బ్రహ్మనాయుడు ఒప్పుకోకపోతే ఓడినవాళ్ల వలస లేదు. మాచర్ల తరఫున అలరాజు రాయబారానికి వెళ్లకపోతే అతని చావూ లేదు.

విజువల్ నవలలు చేసే పనీ ఇదే. బొమ్మలు, సంభాషణ, సంగీతంతో కథ నడిపించి, కీలకమైన చోట ఆపి, ఆటగాడి ముందు రెండు మూడు దారులు పెడతాయి. జపాన్‌లో 1980ల నుంచి పెరిగిన కళ. 2004లో టైప్-మూన్ సంస్థ తెచ్చిన 'ఫేట్/స్టే నైట్' మొదట పెద్దలకే వచ్చింది. అందులో దారులు మూడు. మొదటిది పూర్తిచేస్తేగాని రెండోది తెరుచుకోదు, ఆ రెండూ దాటితేగాని మూడోది రాదు. మొదటి దారిలో గొప్పగా కనిపించిన హీరో ఆదర్శాన్ని రెండోది నిలదీస్తుంది, మూడోది వదులుకోమంటుంది. ఎంత పకడ్బందీ అల్లిక! 2012లో ఉచితంగా వచ్చిన 'కటావా షోజో' శృంగార దృశ్యాలను కావాలంటే ఆపేసుకునే వీలిచ్చింది. ఆపినా కథ నిలబడింది.

మన దగ్గర వినేవాడి చేతికి మీట ఇవ్వలేదు, నోరిచ్చారు. బుర్రకథలో నడుమ కథకుడు, చెరో పక్క వంతలు. కథకుడు మలుపు దగ్గర తంబురా ఆపగానే హాస్యపు వంత జనం మనసులోని ప్రశ్న అడిగేస్తాడు. రాజకీయపు వంత దాన్ని ఇవాళ్టి ఊరి సంగతికి ముడిపెడతాడు. పొన్నెకల్లు షేక్ నాజర్ (1920-1997) 'పల్నాటి యుద్ధం' చెబుతుంటే ఆయనే నాగమ్మ, ఆయనే బాలచంద్రుడు. అంతటి కథకుడికి 1986లో పద్మశ్రీ దక్కడం ఈ నేలకు గర్వకారణం.

ఈ వీరుల కథను పాడే కారెంపూడి వీరవిద్యావంతులది ఇంకా పెద్ద ఘనత. అలిసెట్టి గాలెయ్య పాడిన వీరుల కథను జీన్ రోఘైర్ 1982లో ఇంగ్లీషు పుస్తకంగా తెచ్చారు. గాలెయ్య పేరు మన పాఠ్యపుస్తకాల్లో ఉండొద్దూ?

పెద్దల కథంటే ఏమిటో ఈ పల్నాటి కథే చెబుతుంది. బాలచంద్రుడు పోరుకు బయల్దేరే ముందు భార్య మాంచాల గడప తొక్కుతాడు. అంతకుముందు వేశ్య శ్యామాంగి మోజులో ఆమెను పట్టించుకోనివాడు. మాంచాల అతణ్ణి పడకమీదే ఉంచేసుకోవచ్చు, ఉంచుకోదు. కత్తి చేతికిచ్చి సాగనంపుతుంది. కోరిక, కోపం, పరువు, చావుభయం ఒక్క గదిలో పెనుగులాడుతాయి. తర్వాత అనపోతు ఘట్టం. బ్రాహ్మణుడైన మిత్రుణ్ణి కాపాడాలని బాలచంద్రుడు ఏదో మిషపెట్టి వెనక్కి పంపుతాడు. సంగతి తెలిసిన అనపోతు పొడుచుకుని చనిపోతాడు. మేలు కోరిన నిర్ణయమే ప్రాణం తీసింది. ఆటగాడి చేత ఆ నిర్ణయం తీయిస్తే ఎంత బరువు!

అందుకే ఇప్పుడు 'పెద్దలకు మాత్రమే' అంటూ గుట్టలుగా వస్తున్న చవకబారు ఆటలు చూస్తే ఒళ్లు మండుతుంది. అవునన్నా కాదన్నా రెండు మాటల తర్వాత అదే దృశ్యం. ఆడమనిషికి ఇష్టాయిష్టాలుండవు. సరైన మీట నొక్కితే బట్టలు విప్పడమే ఆమె పని. ఆటగాణ్ణి మోసం చేసి, కథను అమ్ముకుతినే వ్యాపారం ఇది. వీటివల్లే ఈ కళ మొత్తానికి చెడ్డపేరు.

రెన్‌పై అనే ఉచిత సాధనంతో ఇద్దరు ముగ్గురు కుర్రాళ్లు కూడా బాలచంద్రుడి కథను దారులు చీలే ఆటగా తయారుచేయవచ్చు. నరసరావుపేటలో ఇంజినీరింగ్ చదివే పిల్లలు ఈ పని తలకెత్తుకోవాలి. బొమ్మలు గీయకముందే కారెంపూడి వెళ్లి వీరవిద్యావంతులను కలవాలి. వాళ్లను ఒక పూట పాడించుకుని వదిలేయకుండా, రచయితలుగా పక్కన కూర్చోబెట్టుకుని, పేరు వేసి, డబ్బులివ్వాలి. మాంచాల ఏమంటుందో, ఎక్కడ ఆగుతుందో వాళ్లకు తెలిసినంతగా ఇంకెవరికీ తెలియదు.