పునరభినయం, సాక్ష్యం: యోరిస్ ఇవెన్స్ డాక్యుమెంటరీ చిత్రాలు

నెదర్లాండ్స్‌లో జన్మించిన యోరిస్ ఇవెన్స్ (1898–1989) స్పెయిన్, చైనా, ఇండొనేషియా, వియత్నాం దేశాల పోరాటాలను చిత్రీకరించిన డాక్యుమెంటరీ దర్శకుడు. జరిగిపోయిన ఘటనలను కెమెరా ముందు మళ్లీ నటింపజేశాడన్నది ఆయనపై ఉన్న ప్రధానమైన ఆక్షేపణ. ఈ ఆక్షేపణ ఆయన లోపాన్ని లేనిచోట వెదుకుతున్నది.

బెల్జియం బొగ్గుగనుల సమ్మె అనంతర పరిస్థితిపై హెన్రీ స్టార్క్‌తో కలిసి 1933లో ఆయన తీసిన ‘బొరినాజ్’ను పరిశీలించవచ్చు. అందులో కార్ల్ మార్క్స్ చిత్రపటంతో సాగే ఊరేగింపు పునరభినయమే. అయితే చిత్రీకరణ సాగుతుండగానే జనం ఇళ్లలోనుంచి వచ్చి పిడికిళ్లెత్తడంతో అది నిజమైన ప్రదర్శనగా మారింది. ఇక్కడ నటులు, అనుభవించినవారు ఒక్కరే. కనుక అభినయం సాక్ష్యానికి మరొక రూపమయింది.

‘ఇండొనేషియా కాలింగ్’ (1946) మరింత సాహసం. డచ్చి వలస ప్రభుత్వం ఇచ్చిన చలనచిత్రాధికారి పదవికి 1945లో రాజీనామా చేసి, ఆయన సిడ్నీ రేవులో ఈ చిత్రాన్ని తీశాడు. డచ్చి ఓడలపై పనిచేయ నిరాకరించిన ఇండొనేషియన్, ఆస్ట్రేలియన్ కార్మికులతోపాటు భారతీయ నావికులు కూడా ఇందులో కనిపిస్తారు. మన స్వాతంత్ర్యోద్యమ చరిత్రలలో వీరికి దక్కిన చోటు స్వల్పం.

అసలు చిక్కు 1976లో విడుదలైన ‘యుకాంగ్ పర్వతాలను కదిలించిన విధం’తో మొదలవుతుంది. మార్సెలిన్ లోరిడాన్‌తో కలిసి సాంస్కృతిక విప్లవకాలపు చైనాలో తీసిన ఈ చిత్రమాల నిడివి దాదాపు 12 గంటలు. ఇందులో మనుషులు తమ గొంతులతోనే మాట్లాడతారు. వాస్తవికత పాలు పెరిగినట్లే తోస్తుంది. కాని ఏది మాట్లాడవచ్చునో నిర్ణయించే రాజ్యం చట్రానికి వెలుపలే ఉండిపోయింది. బొరినాజ్ కార్మికులు నటిస్తూ నిజం చెప్పగలిగారు; ఇక్కడివారు నటించకపోయినా వారి మాటను పూర్తిగా విశ్వసించలేము. కాబట్టి విమర్శ అడుగవలసింది దృశ్యాన్ని పునర్నిర్మించారా అని కాదు, అందులోని మనిషికి కాదనే స్వేచ్ఛ ఉన్నదా అని. ఇవెన్స్ అధికారానికి ఎదురు నిలిచినప్పుడు ఈ ప్రశ్న తలెత్తలేదు. అధికారానికి అతిథి అయినప్పుడు తప్పలేదు.

చివరి చిత్రం ‘గాలి కథ’ (1988)లో ఆ అధికారం చట్రంలోకి వచ్చింది. షియాన్‌లోని మట్టిసైనికులను కోరినట్లు చిత్రీకరించడానికి అధికారులు అంగీకరించరు. వృద్ధ దర్శకుడు బొమ్మల నకళ్లు కొని, తన సైన్యాన్ని తానే నిలబెట్టుకుంటాడు. ఆ నిరాకరణను కూడా చిత్రంలో దాచలేదు.