యాసకు కేటాయించిన పాత్రలు: తెలంగాణ శకుంతల నటన

మహారాష్ట్రలో జన్మించిన కడియాల శకుంతల (1951–2014) తెలుగు తెరపై ‘తెలంగాణ శకుంతల’గా స్థిరపడ్డారు. తెలుగు, కన్నడ, మరాఠీ, ఉర్దూ కలగలిసిన న్యాల్‌కల్ వంటి సరిహద్దు ప్రాంతాల వారికి ఇది వింతగా తోచదు. 1970ల చివర గౌతమ్ ఘోష్ తీసిన ‘మాభూమి’తో ఆమె సినీప్రవేశం చేశారు. రైతాంగ పోరాటాన్ని చిత్రించిన ఆ సినిమాలో తెలంగాణ యాస శ్రమజీవుల సహజ వాక్కు. ‘నువ్వు నేను’ (2001) నాటికి అదే యాస గద్దింపుకూ నవ్వుకూ పనిముట్టయింది. ‘ఒక్కడు’ (2003)లో ఆమె ప్రతినాయకుని తల్లి. అక్కడ యాస రాయలసీమది, గద్దింపు మాత్రం పాతదే. ఈ లోపం నటిది కాదు. ఆమె గొంతులోని పదును నిజానికి పాత్రల పరిధిని మించినది. నాయికానాయకులకు శిష్టభాషను ఇచ్చి, మాండలికాన్ని ప్రతినాయక, హాస్యపాత్రలకు వదిలిన సంభాషణా రచనను ఇక్కడ ప్రశ్నించాలి. తెలంగాణ రాష్ట్రం ఏర్పడిన రెండు వారాల్లోపే ఆమె మరణించారు.